యాభై ఏడో పేజీ

సీలు పట్టిన చెయ్యి పుస్తకానికి బెత్తెడు ఎత్తులో ఆగిపోయింది. ప్యాడు మీద ఒత్తి తీసిన ఊదారంగు ఇంకు ఇంకా తడిగానే ఉంది, దింపితే ఒక్క క్షణం పని, కానీ ఉమారాణి దింపలేదు. ఆ గ్రంథాలయానికి వచ్చే ప్రతి కొత్త పుస్తకానికీ మూడుచోట్ల ముద్ర పడాలి: మొదటి పేజీ, చివరి పేజీ, పాఠకులకు చెప్పని యాభై ఏడో పేజీ. ఎవడైనా పుస్తకం ఎత్తుకుపోయి, ముందూ వెనకా చించేసి ఇది మా ఇంట్లోదేనని బుకాయించినా లోపల యాభై ఏడో పేజీ సాక్ష్యం చెబుతుంది. పదహారేళ్లుగా ఆమె చేతికి అదే అలవాటు. పుస్తకం ఏమిటో, ఎవరు రాశారో చూడదు, వేళ్లే ఆ పేజీని వెతుక్కుంటాయి. ఇవాళ మధ్యాహ్నం వచ్చిన పార్శిల్లో ఇది నాలుగో పుస్తకం, అట్ట మీద పెద్ద అక్షరాలతో సంస్కృతి, సమాజం, అస్తిత్వం, ఆధునిక జీవితం అని ఏవేవో మాటలు, అలాంటివి నెలకు రెండు వస్తాయి, బీరువాలోకి పోయి నిద్రపోతాయి. కానీ వేళ్లు తెరిచిన పేజీలో అక్షరాలు లేవు. పేజీ నిండా రంగుల బొమ్మ. ఎర్రటి నేల మీద పసుపు, నీలం, ఆకుపచ్చ మనుషులు వరసలు వరసలుగా, మూడో వరసలో ఒక తొట్టె, తొట్టెలో పసిపిల్లవాడు, వాడి ఎడమ బుగ్గ మీద నల్లటి చుక్క.

ఆ చుక్క పెట్టింది తనే. అప్పటికి ఆమెకు ఆరేళ్లు. తమ్ముడు చిరంజీవి పుట్టిన నెలలో అవ్వ, అంటే కన్నతల్లి పెంటవ్వ, వాడి బుగ్గకు రోజూ కాటుక చుక్క పెట్టేది, ఊరి కళ్లన్నీ వాడి మీదే ఉన్నట్టు. ఒకనాడు వేలికి మిగిలిన కాటుకతో ఉమారాణి వసారాలో విప్పి ఉన్న, ఇంట్లో కథ చెప్పడానికి వాడే బొమ్మల పటం దగ్గరికి పోయి, పాపం ఈ తొట్టెలో పిల్లవాడిని ఊరూరా వందలమంది చూస్తారు కదా, వీడి సంగతి ఎవరికీ పట్టదా అని జాలిపడి, ఒక్క చుక్క పెట్టింది. బాపు, తండ్రి మైసయ్య, చూశాడు. ఇక వీపు పగిలిందనుకుంది. మైసయ్య మాత్రం నవ్వి, "పోనీ తియ్యి, వాడు గూడ మన పిలగాడే గదా" అన్నాడు. ఆ తర్వాత ఇరవై మూడేళ్లు, కథలో ఆ వరస వచ్చినప్పుడల్లా కర్ర చివరతో ఆ చుక్కను చూపించి, దిష్టి తగలొద్దని తల్లి పెట్టిందంటూ కథలోనే కలిపేసేవాడు, ఆడవాళ్లు అక్కడ తప్పకుండా కళ్లు ఒత్తుకునేవాళ్లు. అంతా బాగానే ఉంది. ఒక్కటే బాగాలేదు. ఆ పటం పన్నెండేళ్ల కింద గోదావరిలో కలిసిపోయింది. కలిసిపోవడం ఆమె కళ్లారా చూసింది, తల స్నానం చేసింది, దానికి పెట్టిన దినం నాడు అన్నం కూడా తిన్నది.

నకలేమో. చేర్యాలలో బొమ్మలు రాసేవాళ్లు పాతదాన్ని చూసి కొత్తది రాస్తారు, అందులో వింతేముంది. కానీ నకలు రాసేవాడు కాటుక చుక్కను కూడా నకలు రాస్తాడా, అదీ కొంచెం చెదిరి చెంప మీదికి జారిన చుక్కను. పాత ఫోటోనేమో. అట్ట తిప్పి రాసినవాడి పేరు చూసింది. ఈ పుస్తకం రాసిన రాజేంద్రప్రసాద్ సారు ఇరవై ఏళ్ల కింద కెమెరా మెడకు వేసుకొని ఇంటికి వచ్చేవాడు, అవ్వ చేతి చాయ్ తాగేవాడు, అప్పుడెప్పుడో తీసి ఉంటాడు. ఉమారాణి ఒక్క నిమిషం ఆ మాటను పట్టుకొని ఊపిరి తీసుకుంది. తర్వాత బొమ్మ పైఅంచు చూసింది. అక్కడ వెలిసిపోయిన పసుపు, అయిదు వేళ్ల ముద్ర, చిన్న చెయ్యి, చిటికెన వేలు కొంచెం వంకర. అవ్వ చెయ్యి. పటాన్ని సాగనంపిన పొద్దున ఇంట్లో కూర్చోబెట్టి, పసుపు కుంకుమ పెట్టి, అవ్వ ఆఖరిసారి అరచెయ్యి ఆనించి ఏడ్చిన ముద్ర అది. ఆ పొద్దున సారు లేడు, కెమెరా లేదు. ముద్ర పడిన రెండు గంటలకే మూట బండి ఎక్కింది. బొమ్మ కింద చిన్న అక్షరాల్లో ఉంది: ఒక కళాకారుని కుటుంబం నుంచి సేకరణ, పేరు గోప్యం, ఛాయాచిత్రం గత వేసవిలో తీసినది. పేరు గోప్యమట! ముఖం మొత్తం చూపించి పేరు దాచినట్టు.

పటమంటే గోడకు తగిలించే దేవుడి ఫోటో కాదు. ముప్పై మూరల గుడ్డ, చింతగింజల అంబలీ సుద్దా పూసి బిరుసెక్కించి, దాని మీద ఒక కులం పుట్టుక అంతా బొమ్మలుగా రాసింది. చుట్ట విప్పుతూ, ఒక్కో వరస చూపిస్తూ, పాడుతూ, రాత్రిళ్లకు రాత్రిళ్లు కథ చెప్పడం వాళ్ల ఇంటి పని. మగ్గం నేసే ఇండ్లవాళ్లు వినాలి, వీళ్లు చెప్పాలి, ఏ ఊరు ఎవరికి అన్నది తాతల నాడే పంచుకున్నారు. మైసయ్యకు అక్కన్నపేట, ధూళిమిట్ట, దౌల్తాబాద్ దిక్కు పదకొండు ఊళ్లు. పటం రాయించేదీ ఆ ఊళ్ల పెద్దమనుషులే, అడుగు అంచున వాళ్ల పేర్లు ఉంటాయి. పటం పాతబడి చిల్లులు పడితే కొత్తది రాయిస్తారు, అన్ని బొమ్మలకూ చివర కళ్లు తెరిపిస్తారు, అయితే పాతది ఉండగా కొత్తదానికి ప్రాణం రాదు. ఒక ఇంట్లో ఒక్క పటమే బతికి ఉండాలి. అందుకని పాతదానికి మనిషికి చేసినట్టే అన్నీ చేసి, నీళ్లలో వదిలి, మగవాళ్లు నెత్తి గీయించుకొని, ఊళ్లను పిలిచి భోజనం పెట్టాలి. మైసయ్య అన్నీ చేశాడు. తన తండ్రి పోయినప్పుడు కూడా తీయని మీసం ఆ రోజు తీశాడు. మరి పాతది బతికే ఉంటే, ఎవరి ఇంట్లోనో ఫ్యాను కింద చల్లగా పడుకొని ఉంటే, ఈ పన్నెండేళ్లు పదకొండు ఊళ్లలో చెప్పిన కథంతా ఉత్త గుడ్డ ముందు చెప్పినట్టే. ఎవరు చేశారు ఈ పని. సీలు మీద ఇంకు ఎండిపోయింది, ఉమారాణి దాన్ని పక్కన పెట్టింది.

గోడ గడియారం మూడు దాటి పది. నాలుగింటికి బాపు వస్తాడు. రోజూ వస్తాడు, పాత బస్టాండు దగ్గర చాయ్ తాగి, కర్ర పొడుచుకుంటూ, కొత్త పేపర్లు వాసన చూసి, అయిదింటికి డ్యూటీ దిగిన బిడ్డతో కలిసి ఇంటికి పోతాడు. డెబ్బై ఆరేళ్ల మనిషి, గుండెకు మాత్రలు వేసుకునే మనిషి. ఈ పేజీ ఆయన కంట పడితే? కంట పడకపోతే మాత్రం ఎన్నాళ్లు? ఆమె పుస్తకం మూసింది. మూసి చుట్టూ చూసింది. ఎదురుగా పేపర్ల బల్ల దగ్గర అఫ్సర్ చాచా కళ్లద్దాల పైనుంచి ఇటే చూస్తున్నాడు. రోజూ చూస్తాడు, రిటైరైన మనిషికి ఇంకేం పని, కానీ ఇవాళ ఆ చూపులో ఏదో ఉంది.

"క్యా హువా బేటీ? బొమ్మల పుస్తకమా? జర దిఖావ్ నా, నేను గూడ సూస్త."

"ఇంకా నంబరు ఎయ్యలే చాచా."

"నంబర్ ఏస్తె ఎంతసేపు? గిప్పటిదాంక సీలు పట్టుకొని ఫోటో దిగినట్టు కూసున్నవ్ గదా."

చూస్తూనే ఉన్నాడన్నమాట, మొదటి నుంచీ. ఈయనకు ముందే తెలుసా, ధూళిమిట్టలో ఈయన చెల్లెలిని ఇచ్చారు కదా, అక్కడ ఎవరైనా ఈ పుస్తకం సంగతి చెప్పి పంపారా. ఆలోచన వచ్చినంత వేగంగా సిగ్గు కూడా వచ్చింది, రంజాన్ నాడు సేమ్యా తెచ్చి ఇచ్చే ముసలాయన మీద అనుమానమేమిటి, అయినా అనుమానం పోలేదు, పక్కకు జరిగి కూర్చుంది అంతే. రిజిస్టరులో ఎక్కని పుస్తకం గ్రంథాలయంలో లేనట్టే లెక్క. ఎక్కించకపోతే? డ్రాయర్ లాగి, పాత పేపర్ల కట్ట కింద పుస్తకాన్ని తోసి, మళ్లీ మూసింది. జీవితంలో మొదటిసారి ఒక పుస్తకాన్ని దాచింది. దాచాక తనే దొంగలాగా చేతులు చీరకొంగుకు తుడుచుకుంది.

సారే తీసుకున్నాడా. తీసుకున్నాడు సరే, ఎవరూ ఇవ్వనిదే ఎట్లా తీసుకుంటాడు. గోదావరి ఒడ్డు కళ్ల ముందుకు వచ్చింది, రాకేం చేస్తుంది. ఎండ, మెట్ల మీద కాళ్లు కాలుతున్నాయి. బాపుకు మోకాళ్లు నొప్పి, పైమెట్టు మీదే కూర్చున్నాడు. అవ్వ బాపు పక్కనే ఉంది, ఏడవకుండా నీళ్లవైపే గుడ్లప్పగించి చూస్తోంది. ఎర్ర గుడ్డ చుట్టిన మూటను నెత్తిన పెట్టుకొని నీళ్లలోకి దిగింది చిరంజీవి. ఇరవై మూడేళ్ల వాడు, భివండిలో రెండేళ్లు పవర్‌లూమ్ మీద పనిచేసి, అది నచ్చక వచ్చి, బాపు వెనక వంతపాట పాడుతున్నవాడు. నడుము లోతు పోయాడు, ఛాతీ లోతు పోయాడు. మెట్ల మీద నుంచి పెద్దమనుషులు "చాలు, చాలు, గాడనే ఇడువు" అని అరుస్తున్నారు, వాడు వినలేదు. మునిగాడు. ఎంతసేపు మునిగాడు! ఒక మనిషి మూట వదిలి తేలడానికి అంతసేపు పడుతుందా. తేలి మళ్లీ మునిగాడు. బయటికి వచ్చినప్పుడు కళ్లు ఎర్రగా ఉన్నాయి, ఎవరి ముఖమూ చూడలేదు, బాపు చెయ్యి పట్టుకుంటే విడిపించుకొని బండివైపు పోయాడు. ఆ రోజు దాన్ని దుఃఖమనుకుంది. అక్క కదా, తమ్ముడి తల తుడిచి, పోనీలేరా అని వీపు నిమిరింది. ఎంత వెర్రిది! ఆ ఒడ్డున అవతల ఎవరైనా నిలబడి ఉన్నారా, పడవ ఏదైనా ఉందా, రాళ్ల సందున మూటను దాచి రాత్రికి తీసుకుపోయారా. దినం నాడు వాడు అన్నం ముట్టలేదు. విస్తరి ముందు కూర్చొని లేచిపోయాడు. దొంగతనం చేసినవాడికి ముద్ద ఎట్లా దిగుతుంది. కొత్త పటం విప్పి మొదటిసారి కథ చెప్పమంటే మూడుసార్లు దండం పెట్టిగానీ దాన్ని ముట్టలేదు. అప్పుడు భక్తి అనుకున్నారు అందరూ. ఇప్పుడు ఒక్కొక్కటీ మలిచి పెట్టినట్టు అమరిపోతోంది. మరుసటి వానాకాలం అవ్వ పోయింది. జ్వరం అన్నారు. కొత్త పటానికి ప్రాణం పోయడంలో ఏదో తేడా వచ్చిందని దౌల్తాబాద్‌లో ఎవరో ముసలమ్మ అన్నదట, అప్పుడు కోపం వచ్చింది, ఇప్పుడు ఆ మాటే నిజమేమో అనిపించింది. వాడి వల్లనా. అవ్వ వాడి వల్లనా పోయింది.

"మేడం, కొత్తవి ఏమొచ్చినయ్?" కౌంటరు ముందు సింధూజ నిలబడి ఉంది. పొద్దున ఏడింటికి సద్ది డబ్బాతో వచ్చి రాత్రి దాకా సర్కారు కొలువు పరీక్షకు చదివే పిల్ల, అలాంటి పిల్లలు హాలు నిండా ఉన్నారు. "సంస్కృతి, సమాజం మీద పుస్తకం ఒకటి వచ్చిందట గదా, మా గ్రూప్‌ల పెట్టిన్రు. గండ్లకెళ్లే పరీక్షల బిట్లు వస్తయని." రాలేదంది ఉమారాణి. పిల్ల నమ్మలేదు, చింపిన పార్శిల్ కాగితం వైపు చూసింది, ఏమీ అనకుండా పోయింది. పోయిన నెల ఇదే పిల్ల ఒక గైడు పట్టుకొచ్చి అడిగింది, మేడం, పటం కథ చెప్పేవాళ్లు కింది నాలుగు కులాల్లో ఏ కులం మీద ఆధారపడి బతుకుతారు, ఏ ఆప్షన్ పెట్టాలె అని. నాకేం తెలుసమ్మా అన్నది ఉమారాణి. అన్నది! తన బాపును, తమ్ముడిని, పదకొండు ఊళ్లను, అవ్వ పసుపు చేతిని నాలుగు గళ్లలో ఒక గడిగా అచ్చువేస్తే, జవాబు తెలిసి కూడా తెలియదన్నది. ఉద్యోగం వచ్చిన కొత్తలో మీరెవరు, మీ నాయిన ఏం చేస్తడు అంటే వ్యవసాయం అని చెప్పింది, పదహారేళ్లయింది, ఇంకా వ్యవసాయమే చేస్తున్నాడు బాపు ఈ ఆఫీసు దృష్టిలో. చదువుకొని తను బయటపడింది, ఎండలో చుట్ట మోసేది తమ్ముడికి మిగిలింది. వాడి మీద ఇంత కోపం ఎందుకంటే ఒకవేళ... ఆ ఆలోచన చివరిదాకా పోకముందే ఫోను తీసింది. మూడున్నర. అడగాలి. అడిగేయాలి.

వరండాలోకి వచ్చింది, ఎండ కళ్లలో పొడిచింది. చిరంజీవి ఇవాళ ధూళిమిట్టలో ఉన్నాడు, పొద్దుగూకాక కథ మొదలు. నాలుగు రింగుల తర్వాత ఎత్తాడు. అవతల మనుషుల గొంతులు, దగ్గు, కుర్చీ జరిపిన చప్పుడు.

"చిరంజీవీ, సారు పుస్తకంల మన పాత పటం ఉన్నది. అవ్వ చెయ్యి గూడ ఉన్నది దాని మీద. నువ్వు నీళ్లల్ల ఏసింది ఏంది?"

అవతలి గొంతులు ఆగిపోయాయి.

"నిన్నే అడుగుతున్న. ఎవలిచ్చిన్రు సారుకు?"

"నేనే ఇచ్చిన అక్కా." గొంతు పెద్దగా ఉంది, పక్కనున్నవాళ్లకు కూడా వినబడాలన్నట్టు. "బాపుకు ఎరుకలేదు. ఎవలకు ఎరుకలేదు. పటం నేనే ఇచ్చిన."

సిగ్గు లేదు! నలుగురి నడుమ కూర్చొని, ఊరికి చాటింపు వేసినట్టు చెబుతున్నాడు. ఆమెకు కాళ్ల నుంచి తల దాకా మంట లేచింది. తప్పు చేసిన గొంతు తగ్గాలి కదా, తగ్గదేం. ఇన్నేళ్లు వాడి వీపు నిమిరిన చెయ్యి ఇదేనా అనిపించింది. ఏమేమి అన్నదో తనకే సరిగా గుర్తులేదు, అవ్వను మింగినవ్ అన్నది మాత్రం గుర్తుంది, ఇగ నా కడప తొక్కకు అన్నది గుర్తుంది. "సరే అక్కా. ఇప్పుడు ఫోన్ పెట్టు" అన్నాడు, అంతే. పెట్టేశాక ఎండలో అట్లాగే నిలబడింది. అనుకున్నది నిజమైంది, నిజమైనందుకు మనసు తేలికపడాలి, ఎందుకు పడటం లేదు. ఎదురు ప్రశ్న వేయలేదేం వాడు. ఏ పుస్తకం అని అడగలేదేం. అప్పటికే తెలిసినట్టు ఉంది కదా. తెలిస్తే ఎట్లా తెలిసింది. సారూ వాడూ ఒక్కటే అన్నమాట, ఇద్దరూ కలిసే ఉన్నారు, పుస్తకం ఎప్పుడు వస్తుందో కూడా వాడికి ముందే తెలుసు.

లోపలికి వచ్చి కూర్చుంది. కూలరు గుర్రుమంటోంది. మూడూ ముప్పావు. ఇక చేయాల్సింది ఒక్కటే, బాపుకు తెలియకూడదు. పుస్తకాన్ని రేపు తిరిగి పంపేస్తుంది, పేజీలు చిరిగి వచ్చాయని రాస్తుంది, కావలసివస్తే నిజంగానే ఆ ఒక్క పేజీ చింపుతుంది. పుస్తకాలు చింపేవాళ్లను ఇదే కుర్చీలో కూర్చొని ఎన్ని తిట్లు తిట్టింది! ఊళ్లవాళ్లు చూస్తే చూడనీ, వాడి ఖర్మ, వాడు చేసుకున్నదే. బాపు మాత్రం మీసం తీసింది ఉత్త మూటకని తెలియకుండా పోవాలి. ఆ మనిషి ఇంకా ఎన్నేళ్లు బతుకుతాడని. గేటు చప్పుడైంది. కర్ర చప్పుడు. మెట్టు ఎక్కేముందు ఆగి ఊపిరి పీల్చుకునే అలవాటు, ఆ ఆగడం కూడా వినబడింది. నాలుగు ఇంకా కాలేదు, ఇవాళ ముందే ఎందుకు వచ్చాడు.

మైసయ్య పేపర్ల బల్ల దగ్గరికి పోలేదు, అఫ్సర్ చాచా సలాం అంటే తల ఊపి నేరుగా కౌంటరు దగ్గరికే వచ్చి, స్టూలు లాక్కొని కూర్చున్నాడు. కండువాతో మెడ తుడుచుకున్నాడు.

"సారు పుస్తకం వచ్చిందట గద బిడ్డా."

"ఏ సారు? ఏం రాలే బాపు."

"మన రాజేంద్రప్రసాద్ సారు. పొద్దున ఫోన్ జేసిండు. మీ లైబ్రరీకి గూడ తోలిన అన్నడు. రంగుల బొమ్మ ఏసిండట, తియ్యి జర, సూస్త."

"ఏం బొమ్మ?"

"మన పాత పటం." మన పాత ఇల్లు అన్నంత మామూలుగా అన్నాడు.

డ్రాయరు తెరవడానికి ఎంతసేపు పట్టిందో ఆమెకు తెలియదు. పుస్తకం ఆయన ముందు పెట్టింది, పేజీ తీసింది. మైసయ్య అద్దాలు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకొని వంగాడు. ముక్కు కాగితానికి తగిలేంత వంగాడు. వేలితో మొదటి వరస నుంచి మెల్లగా దిగుతూ వచ్చాడు, పెదవులు కదులుతున్నాయి, చప్పుడు లేదు, గ్రంథాలయంలో మాట్లాడొద్దని బోర్డు ఉంది కదా. తొట్టె దగ్గర వేలు ఆగింది. పైన పసుపు ముద్ర దగ్గర ఇంకాసేపు ఆగింది.

"రంగు పోలే" అన్నాడు.

"బాపు. నువ్వా ఇచ్చింది?"

"నీళ్లల్ల ఎట్ల ఏస్త బిడ్డా? మా తాత మోసిండు, మా నాయిన మోసిండు. ఇడిస్తె గంటల బొమ్మలన్ని కరిగి బురదయితయి. నా చేతులు రాలే. ఇంట్లనే దాచి, తర్వాత సారుకు ఇచ్చి, నేను సచ్చేదాంక ఎవలకు సూపెట్టకు అన్న. మర్సిపోయిండు పాపం, పేరు రాయలే గదా ఏమైతది అనుకున్నడు. సంబురపడుతనని ఫోన్ జేసిండు."

"మరి మూటల ఏముండె?"

"మీ అవ్వ పెండ్లిచీర. గామెనే తీసి ఇచ్చింది. మునగాలె గదాని లోపట రెండు ఇటుక పెళ్లలు పెట్టిన. ఊళ్లకు తెలిస్తే నా నెత్తి మీద కొట్టనీ, నేను చేసిన తప్పు అది, అన్నం పెట్టి గంతమందికి అబద్ధం చెప్పిన." ఆయన చెయ్యి పేజీ మీదే ఉంది. "చిరంజీవికి మాత్రం చెప్పకు. వానికి ఎరుకలేదు. కొత్త పటానికి పాణమున్నదని నమ్మి చెప్తుండు వాడు, గందుకే గంత మంచిగ చెప్తుండు. నమ్మకం పోతే కథ రాదు బిడ్డా, ఉత్త పాట వస్తది."

వానికి ఎరుకలేదు. ఎరుకలేనివాడు నేనే ఇచ్చిన అని ఎందుకన్నాడు? బాపుకు ఎరుకలేదు అని ఎందుకన్నాడు, తను అడగకుండానే? ఇందాక వరండాలో అన్న మాటలన్నీ, గుర్తులేవనుకున్నవి కూడా, ఒక్కొక్కటిగా వచ్చి ఎదురుగా నిలబడ్డాయి. అప్పుడే ఫోను మోగింది. చిరంజీవి. ఎత్తి రెండడుగులు కిటికీ దిక్కు పోయింది, బాపును వదిలి అంతకంటే దూరం పోలేదు.

"అక్కా, బాపు వచ్చిండా గాడికి? పుస్తకం సూసిండా?" ఇప్పుడు గొంతు చిన్నగా ఉంది, పక్కన ఎవరూ లేనట్టు.

"సూసిండు."

"ఏమన్నడు?"

"రంగు పోలేదన్నడు."

అవతల వాడు నవ్వాడో ఏడ్చాడో తెలియలేదు. "ఇందాక పెద్దమనుషుల నడుమ కూసున్న అక్కా. బడి సారు పొద్దున్నే పుస్తకం తెచ్చి వాళ్ల ముందల పెట్టిండు, తర్వాతి పేజీల పటం అడుగంచు బొమ్మ ఉన్నది, దాని మీద వాళ్ల తాతల పేర్లున్నయి గద, దొరికిపోయింది. ముసలాయననే పిలిపిస్తం అంటున్నరు. సరిగ్గ గప్పుడే నువ్వు ఫోన్ చేసినవ్. నీకు చెప్పినట్టు వాళ్లకు గూడ చెప్పిన."

"నీకెట్ల..." అని ఆగింది. వెనక బాపు పేజీ తిప్పిన చప్పుడు. "ఎప్పటి నుంచి?"

"నీళ్లల్లనే. ముడి ఊడింది. అవ్వ చీర బుసబుస పైకి తేలబట్టింది, మెట్ల మీద అందరు సూస్తుండ్రి. మునిగి కాలు కింద ఏసి తొక్కి, రాయి ఎత్తి పెట్టిన. గందుకే జర సేపైంది." ఊపిరి తీసుకున్నాడు. "పటం ఇప్పొద్దన్నరు అక్కా. ఈ ఊర్లనేనా, పదకొండు ఊర్లల్లనా అన్నది రేపు కూసొని చెప్తరట. ఏం కాదు, భివండి ఉన్నది గద. బాపు పేరు మాత్రం రాలే. నాకు ఎరుకున్నట్టు బాపుకు తెల్వనియ్యకు, నీకు దండం పెడ్త."

తమ్ముడా అనబోయింది. అన్న మాటలు వెనక్కి తీసుకోవాలి, ఇప్పుడే, ఈ క్షణమే, కాళ్లు పట్టుకొనైనా. కానీ ఎట్లా అంటుంది, మూడడుగుల దూరంలో బాపు తలెత్తి చూస్తున్నాడు.

"ఎవలు బిడ్డా, చిరంజీవేనా? ఏమంటుండు?"

గంట నుంచి ఊరందరి అబద్ధాలు పట్టుకుందామని కూర్చున్న ఉమారాణి ఫోను చెవికి అట్లాగే ఆనించి, ముఖం బాపు వైపు తిప్పింది.

"కథకు తయారైతుండట బాపు. పొద్దుగూకంగనే షురువు చేస్తడట."

"జనం వస్తున్రా?"

"మస్తు వస్తున్రట. ఊరంత ఇప్పటి నుంచే వచ్చి జాగ పట్టుకుంటున్రట."

"మంచిగైంది" అన్నాడు మైసయ్య. "జర గొంతు సూసుకొమ్మని చెప్పు, ఎండకు తిరుగుతుండు." అని మళ్లీ బొమ్మ మీదికి వంగాడు.

"విన్నవా?" అన్నది ఆమె ఫోనులో. వింటున్నాడు. ఇద్దరూ చాలాసేపు ఫోను పెట్టలేదు.